పేజీ మారేలోపు

మొన్న నాంపల్లిలో ఒక జిరాక్స్ దుకాణం ముందు నుంచి వెళ్తుంటే లోపల పాత కీబోర్డు టకటకమంది. అడుగు ముందుకు పడలేదు. చాలా ఏళ్ళ కిందట అబిడ్స్‌లో రెండో అంతస్తులో, పది కంప్యూటర్లున్న ఇన్‌స్టిట్యూట్‌లో మాకు పాఠాలు చెప్పిన వసంత మేడం గుర్తొచ్చారు. ఆవిడ చీర కొంగుకు ఎప్పుడూ సుద్దపొడి అంటి ఉండేది. అడిగిందే పదిసార్లు అడిగినా విసుక్కునేవారు కాదు.

వెబ్‌పేజీలు నేర్పుతూ ఆవిడ మాకోసం ఒక చాట్‌రూమ్ తయారుచేశారు. ఒక ఖాళీ పేజీ, కింద రాసుకునే పెట్టె, అంతే. మొదట్లో ఎవరేం రాశారో చూడాలంటే పేజీని మేమే మళ్ళీ తెరవాల్సివచ్చేది. తర్వాత కొన్ని సెకన్లకోసారి పేజీ దానంతటదే మారి కొత్త మాటలు చూపేలా చేశారు. తోచిన పేర్లు పెట్టుకుని పక్క కుర్చీలో ఉన్నవాళ్ళతోనే ముచ్చట్లాడేవాళ్ళం. కానీ పేజీ మారినప్పుడల్లా సగం టైప్ చేసింది చెరిగిపోయేది.

సుల్తాన్ బజార్‌లో బట్టల దుకాణంలో పనిచేస్తూ క్లాసుకు వచ్చే స్వరూపకు టైపింగ్ కొత్త. చెరిగిపోతుందన్న తొందరలో ముక్కలు ముక్కలుగా, తప్పులతో పంపేది. ఒకరోజు నేను దొంగపేరుతో, ముందు ఏబీసీడీలు నేర్చుకుని రమ్మని రాశాను. అందరూ నవ్వారు. మర్నాటి నుంచి స్వరూప రాలేదు.

మూడో రోజు మేడం నన్నొక్కణ్ణే ఉండమన్నారు. ఏ కంప్యూటర్ నుంచి ఏం వచ్చిందో ఆవిడకు తెలుస్తుందని నాకు అప్పటిదాకా తెలియదు.

"అందరి ముంగట అడిగితే నీకు సిగ్గయితది, గందుకే అడుగలే," అన్నారు. "గా పిల్ల రాసేలోపు పేజీ మారుతది. అది నా తప్పు. ఎగతాళి చేసింది నీ తప్పు. నాది నేను ఒప్పుకుంట. నీది నువ్వు పోయి చెప్పు."

స్వరూప పనిచేసే దుకాణానికి వెళ్ళి, అది రాసింది నేనేనని, తప్పు నాదేనని చెప్పాను. స్వరూప చేతిలో ఉన్న చీర మడతపెట్టి పక్కన పెట్టింది.

"తప్పు రాస్తే చెప్పొచ్చు కదా. నవ్వుడెందుకు?" అంది.

రెండు రోజులకు ఆమె మళ్ళీ క్లాసుకు వచ్చింది. లోపం తనదేనని మేడం అందరికీ చెప్పి, సరిచేసే పని మా ఇద్దరికీ అప్పగించారు. వారం పట్టింది. పేజీని రెండు ముక్కలు చేశాం: పైన మాటలు మారుతుంటాయి, కింద రాసే పెట్టె కదలదు. అది పనిచేసిన రోజు స్వరూపే మొదట రాసింది, తాను మెల్లగా రాస్తానని, అందరూ ఆగాలని. ఆగాం. ఆ సాయంత్రం మేడం మమ్మల్నందర్నీ మొజంజాహీ మార్కెట్‌కు తీసుకెళ్ళి ఐస్‌క్రీమ్ తినిపించారు.

తర్వాత్తర్వాత చాట్‌రూముల్లో పేజీ మారే పనే లేకుండా మాటలు వాటంతటవే వచ్చేయడం మొదలైంది. ఇప్పుడు అలాంటివి తయారుచేయడమే నా ఉద్యోగం. ఎవరైనా వాడలేక తడబడితే, వాళ్ళకు చేతకాదని మా ఆఫీసులో తేల్చేస్తుంటారు. నేను మాత్రం ముందు మేం చేసినదాంట్లోనే తప్పు వెతుకుతాను. చాలాసార్లు దొరుకుతుంది.