కమిషనరు వస్తున్నాడని గోడకి సున్నం వేశాను

నేను చెప్పింది చెప్పినట్టు రాయి, బంగారం. నా తప్పు దగ్గరికొచ్చేసరికి మాట మెత్తగా మార్చకు.

మన ఊరి వెనక గుట్టలో క్వారీ పెట్టాక రోజూ మధ్యాహ్నం ఒక కూత వినపడేది. కూత ఆగిన కాసేపటికి మందు పేల్చేవాళ్లు. వంటింటి గూట్లో గిన్నెలు గలగలమనేవి. మొదట్లో నవ్వుకున్నాం. మీ తాతయ్యయితే కూత వినపడగానే టీ గ్లాసు ఒలక్కుండా పైకెత్తి పట్టుకునేవారు. తర్వాత వంటింటి గోడకి వెంట్రుకంత గీత పడింది. ఏడాది తిరిగేసరికి నా చిటికెన వేలు దూరేంత బీటయింది. ఒక్కో ఏడు ఒక్కో గది చొప్పున మేమిద్దరం కట్టుకున్న ఇల్లది.

వీధిలో అందరం కలిసి నందిగామ కోర్టులో కేసు వేశాం. ఆ బీటలు పేలుళ్లవల్ల కాదు, పునాది సరిగా లేక వచ్చాయని క్వారీవాళ్ల వాదన.

"మాటలతో తేలదమ్మా. కోర్టు ఒక లాయర్ని కమిషనరుగా పంపుతుంది. ఆయన మీ ఇల్లు కళ్లతో చూసి రాసుకెళ్తాడు. అదే మనకి బలం" అన్నారు మా లాయరుగారు.

అందులో నాకు వినపడింది ఒక్కటే: మా ఇంటికి పెద్దమనిషి వస్తున్నాడు. మా గోడలేమో క్రిస్మస్‌కి తప్ప సున్నం ఎరగవు. ముందురోజు మీ తాతయ్య మిర్చి ఆరబోసిన కళ్లానికి వెళ్లగానే, సిమెంటు కలిపి బీటలన్నీ పూడ్చాను. పైన రెండు పూతలు సున్నం వేశాను. నన్ను చూసి పక్కింటి వదినా వేసింది. సాయంత్రానికి రెండిళ్లూ పెళ్లివారిళ్లలా మెరిసిపోయాయి.

తెల్లారి కమిషనరుగారు టేపు పట్టుకుని వచ్చారు. వెంట క్వారీ తరపు లాయరు. గదులన్నీ తిరిగారు.

"బీటలెక్కడండీ?"

"ఇక్కడేనండి, దీనికింద."

"కిందంటే?"

"పూడ్చానండి. మీరొస్తున్నారని."

క్వారీ లాయరు పగలబడి నవ్వాడు. "ఇల్లు భలే ఉంచుకున్నారమ్మా! రాసుకోండి సార్, బీటలు లేవు."

"నీ శుభ్రం తగలెయ్య! సాక్ష్యానికే సున్నం కొట్టావటే?" అన్నారు మీ తాతయ్య. అంతమందిలో తల కొట్టేసినట్టయింది.

వంటింట్లోంచి అట్లకాడ తెచ్చి గోడ గీకడం మొదలెట్టాను. సిమెంటింకా పచ్చిగానే ఉంది. పెళ్లలూడి బీట బయటపడింది.

ఆ లాయరు ఊరుకుంటాడా? "చూశారా సార్, మన కళ్లముందే అట్లకాడతో బీట చేస్తోంది!"

"అట్లకాడకే గోడ చీలితే మీకు మందుగుండెందుకయ్యా? నన్ను పెట్టుకోండి, గుట్టంతా నేనే పగలగొడతా!" అన్నాను.

కమిషనరుగారు కూడా తల దించుకుని నవ్వారు. కానీ రెండూ రాశారు: తను వచ్చేసరికి గోడ నున్నగా ఉందని, తన ఎదుటే గీకితే బీట కనపడిందని. "అది పాతదేనండి, అదీ రాయండి" అని బతిమాలాను.

"నేను చూసింది రాయగలనమ్మా, మీరు చెప్పింది కాదు" అన్నారాయన.

ఆయన మీద నాకు కోపం లేదు. నా గోడ నోరు నేనే మూశాను, ఆయనేం చేస్తారు?

కేసింకా నడుస్తూనే ఉంది. ఇంజనీరుతో మళ్లీ చూపించమని మా లాయరుగారు అర్జీ పెట్టారు. అప్పటిదాకా గోడ ముట్టుకోవద్దన్నారు. ఇల్లు నిలవాలని కోర్టుకెక్కితే, కోర్టులో మా మాట నిలవడానికి ఇల్లు పాడుగానే ఉండాలట. ఇది ఎన్నిసార్లు ఆలోచించినా నాకు మింగుడు పడదు.

నిన్నటి వానకి ఆ బీటలోంచి నీళ్లు కారి వంటింట్లోకి వచ్చాయి కదా. మీ అమ్మ తాపీ పట్టుకొచ్చింది.

"కాస్త సిమెంటు పెడతానత్తయ్యా. గోడ మనదే కదా!"

చెయ్యి పట్టుకుని ఆపాను. "తీర్పొచ్చేదాకా కోర్టుదే అమ్మాయ్. ఆ బియ్యం డబ్బా ఇటు జరుపు."