జపాను రాళ్ళకు తెల్లన్నం

కౌశల్య అన్నం వార్చిందంటే మెతుకు మెతుక్కీ అంటుకోదని ఫిజీ దీవుల్లోని వాయినికోరో కూలి లైన్లలో పేరు. ఆ పేరు ఊరికే రాలేదు. బియ్యం ఒకసారి కడిగి ఎసట్లో పోసే రకం కాదామె. అరచేత్తో రుద్ది రుద్ది, కడుగు నీళ్ళు తేటగా వచ్చేదాకా వదిలేది కాదు. పొద్దల్లా చెరకు తోటలో కలుపు తీసి, కూలీలు కుళంబరు అని పిలిచే తెల్ల మేస్త్రీ చేత బూతులు తిని, నడుం పట్టుకుని ఇంటికొచ్చిన రోజున కూడా ఆ పని దగ్గర తొందరపడేది కాదు. ఎందుకంటే ఆ అన్నం గంగయ్యది.

గంగయ్య ఆమె మొగుడు. ఇద్దరూ విశాఖ జిల్లా వాళ్ళే. గిర్మిట్ అనే కూలి ఒప్పందం కాగితం మీద వేలిముద్రలు వేసి, ఒకే ఓడలో వాంతులు చేసుకుంటూ ఫిజీ చేరారు. దేశం మారినా గంగయ్య నాలుక మారలేదు. రొట్టె అంటే అతనికి ఒళ్ళు మంట. "రొట్టి నమిలీవోడు తెలుగోడేటే? దున్నపోతు" అనేవాడు. కంపెనీ వాళ్ళేమో బియ్యం తక్కువ, పిండీ పప్పూ ఎక్కువ ఇచ్చేవారు. కౌశల్య దానికో ఉపాయం కనిపెట్టింది. తన పప్పూ అతని పప్పూ కలిపి మూటగట్టి, అవతలి లైనులో ఉండే పార్బతికిచ్చి, బదులుగా బియ్యం తెచ్చేది. పార్బతి ఉత్తరాది ముసలిది, రొట్టెల మనిషి. బేరం ఇద్దరికీ నచ్చింది. వార్చిన అన్నం, చింతపండు పులుసు, మిరపకాయా మొగుడికి. గంజినీళ్ళు, ముతక పిండితో కాల్చిన రొట్టె, గట్ల మీద గిల్లుకొచ్చిన ఆకు తనకి. ఆడదాని కంచంలో ఏముందో ఎవరు చూడొచ్చారు? కట్టుకున్నవాడు కూడా చూడలేదు.

ఆ ఏడు చెరకు కోతలు మొదలవక ముందే గంగయ్య కాళ్ళు బరువెక్కాయి. మొదట తిమ్మిరన్నాడు. తర్వాత పాదాలు ఉబ్బాయి, ఆ తర్వాత పిక్కలు. కౌశల్య వేలితో నొక్కితే ఆ చోట సొట్ట పడి, ఎంతసేపటికీ పూడేది కాదు. నాలుగడుగులు వేస్తే గుండె దడ. కుళంబరు వచ్చి చూసి, ఒళ్ళు దొంగ అని బూటుతో తన్ని పోయాడు. కంపెనీ ఆస్పత్రికి పొమ్మంటే గంగయ్య ససేమిరా అన్నాడు. అక్కడికి నడిచిపోయినవాణ్ణి మోసుకురావడమే తప్ప, నడిచొచ్చినవాణ్ణి అతను చూడలేదట. కాళ్ళు ఎవరికీ కనపడకుండా గోనెపట్టా కప్పుకుని మూల కూచునేవాడు. అడిగినవాళ్ళకు జ్వరమని చెప్పమన్నాడు. కౌశల్యా అలాగే చెప్పింది.

ఇక ఆమె చేయగలిగిందల్లా ఒక్కటే. ఒంటికి బలం రావాలంటే అన్నం పెట్టాలి. ఇంకా పార్బతి దగ్గర బియ్యం తెచ్చింది. ఇంకా తెల్లగా కడిగింది. అతను ఎంత తింటే అంత ఉబ్బాడు.

అలాంటప్పుడు మునియ్య మాట చెవినపడింది. మునియ్య గిర్మిట్ ముగించుకుని ఖుల్లా అయినవాడు, అంటే ఎవరి బూటుకీ భయపడక్కర్లేనివాడు. ఏటి పక్క చామలాంటి దాలో దుంపలు నాలుగు వేసుకుని, మిగతా పొద్దంతా నంగోనా అనే మత్తు వేరు నీళ్ళు తాగుతూ కబుర్లు చెప్పేవాడు. ఆదివారం ఆదివారం జనాన్ని వెంటేసుకుని కొండ మీది జపాను గుళ్ళు చూపించి తేవడం అతని వ్యాపకం. మన మద్రాసు ఓడలు రాకముందు కంపెనీ వాళ్ళు జపాను దేశం నుంచి కూలీలను తెచ్చారని, వాళ్ళు ఏడాది తిరక్కుండానే వెళ్ళిపోయారని, వాళ్ళ దేవుళ్ళు మాత్రం కొండ మీదే ఉండిపోయారని చెప్పేవాడు. "దిక్కులేని దేవుళ్ళు సెల్లీ. పూజ లేదు, పలారం లేదు. ఓ ముద్దెడితే సాలు, అడిగింది ఇచ్చేత్తారు" అన్నాడు కౌశల్యతో.

మునిగిపోయేవాడు గడ్డిపోచ దొరికినా పట్టుకుంటాడు. కౌశల్య కొత్త కుండ, బియ్యం, పసుపు మూటగట్టుకుంది. ఆడదాన్ని ఒంటరిగా మునియ్య వెంట పంపడం గంగయ్యకు నచ్చదని పార్బతిని తోడు రమ్మని బతిమాలింది. పార్బతి కొండవైపు చూసి, చివరికి సరేనంది.

దారిలో మునియ్య నోటికి తాళం లేదు. మొదట ఒక గుమ్మం చూపించాడు. రెండు దుంగలు పాతి, పైన అడ్డంగా రెండు కర్రలు బిగించారంతే. గోడ లేదు, తలుపు లేదు. ఒకప్పుడు ఎర్రరంగు వేసినట్టుంది, పెచ్చులు లేచిపోయింది. "ఇది వెయ్యేళ్ళ నాటిది. వంగి ఎల్లాలి. తలెత్తినోడికి కళ్ళు పోతాయి" అన్నాడు. చెరకు మిల్లు పెట్టి ఇరవై ఏళ్ళన్నా నిండని నేల మీద వెయ్యేళ్ళ గుమ్మం ఎలా మొలిచిందో కౌశల్య అడగలేదు. కళ్ళు నేలకేసి, వంగి దాటింది. పార్బతి మాత్రం గుమ్మం పక్కనుంచి చుట్టూ తిరిగి వచ్చింది.

కొంచెం పైన కోళ్ళగూడంత చెక్క గుడి ఉంది. తలుపు మీద చెద పట్టింది. లోపల మసిబారిన గుండ్రటి అద్దం తప్ప ఏమీ లేదు. రెండుసార్లు చప్పట్లు కొట్టమన్నాడు మునియ్య, దేవుడు నిద్ర లేస్తాడట. ఆయన మన పోలేరమ్మకు వరసకి అన్నగారని కూడా చెప్పాడు. మరో రోజైతే కౌశల్య నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వేది. ఆ రోజు గట్టిగా, అరచేతులు ఎర్రబడేలా కొట్టింది.

ఆఖరుది వాగు ఒడ్డున. నడుమెత్తు రాళ్ళు, వరసగా, చాలా ఉన్నాయి. ఒక్కోదాని మీదా నిలువుగా ఏవో గీతలు చెక్కి ఉన్నాయి. "ఈళ్ళే పెద్ద దేవుళ్ళు. అన్నం ఈళ్ళకే" అని మునియ్య చెట్టు కింద చేరగిలబడ్డాడు.

కౌశల్య వాగులో మునిగి, తడిబట్టతోనే మూడు రాళ్ళ పొయ్యి పెట్టింది. బియ్యం ఎప్పటికన్నా ఎక్కువసేపు కడిగింది. వార్చి, ఆకులో పెట్టి, కనపడిన ప్రతి రాయికీ పసుపు రాసి, ముద్ద ముద్ద ముందు పెట్టింది. పసుపు చేత్తో మెళ్ళో పుస్తెల తాడు పట్టుకుని పైకే మొక్కుకుంది. "అయ్యల్లారా, మీరెవులో నాకు తెలీదు. నా మావ కాళ్ళు పొంగిపోయినాయి. ఏలెట్టి నొక్కితే సొట్ట పడిపోతంది. గుండి దడదడలాడతంది. ఆడికి నడక ఇచ్చీయండి. ఇకమీదట ఆడికి తెల్లన్నం తప్ప ఇంకోటి ముట్టించను. మీకూ అదే ఎడతాను."

అంతవరకూ దూరంగా కూచున్న పార్బతి లేచి వచ్చింది. "ఏమంటివి? నొక్కితే సొట్టా? బుఖారు అంటివి కదా."

"కాళ్ళ సంగతి సెప్పొద్దన్నాడు దీదీ."

పార్బతి ఒక రాయి పక్కన చతికిలబడింది. వచ్చీరాని తెలుగులో, మధ్యమధ్య తన మాట కలుపుతూ చెప్పింది. "బహినీ, నీ ఆశ చంపలేక ఇంతదాకా చెప్పలేదు. ఇది దేవుడు నై. ఇది మనిషి. మరణించిన మనిషి. నేను మీకన్నా ముందు, కలకత్తా ఓడలో వచ్చినాను. వీళ్ళ ఆస్పత్రిలో నీళ్ళు మోసినాను. వీళ్ళ కాళ్ళు ఇట్లానే. నొక్కితే సొట్ట. గుండె కొట్టుకుని కొట్టుకుని ఆగిపోతుంది. రోజూ ఇద్దరు, ముగ్గురు. వీళ్ళ మనుషులే రాయి చెక్కి పెట్టినారు."

కౌశల్య తన చేతుల వంక చూసుకుంది. సమాధులకు పసుపు రాసింది. శవాల ముందు పుస్తెలు పట్టుకుని మొక్కింది. ఏ తెలుగు ముత్తయిదువైనా ఆ మాట వింటే గుండె ఆగి చచ్చిపోతుంది. కౌశల్య చావలేదు, ఎందుకంటే పార్బతి ఇంకా చెబుతోంది.

"వీళ్ళు ఏం తినేవారు తెలుసా? చావల్, మీ అన్నం. ఉత్త తెల్ల చావల్. దాల్ ఇస్తే పారేసేవారు. ఆఖరికి డాక్టరు దాల్ తినమన్నాడు, తవుడు తినమన్నాడు. తిన్నవాళ్ళు కొందరు లేచినారు. మిగిలినవాళ్ళని ఓడ ఎక్కించి పంపేసినారు. మీ ఇంట్లో దాల్ ఎవరు తింటారు?"

"నీకే ఇచ్చీసినాను కదా దీదీ. మా ఇద్దరిదీ."

"ఇద్దరిదా? నీది ఒక్కదానిదే అనుకున్నా." పార్బతి దగ్గరికి జరిగింది. "నీ కాళ్ళు చూపు."

కౌశల్య చీర పైకి లాగింది. బక్కపలచని కాళ్ళు, ఎండిన కాళ్ళు, కొండెక్కి వచ్చిన కాళ్ళు. పార్బతి వేలితో నొక్కింది. సొట్ట పడలేదు. గంజి తాగినది, ముతకరొట్టె తిన్నది, గడ్డీ గాదం తిన్నది నిటారుగా నిలబడింది. ఇష్టంగా, ప్రేమగా ఏరి కోరి పెట్టిన అన్నం తిన్నవాడు మూల కూలబడ్డాడు. కౌశల్యకు ఎవరూ విడమరిచి చెప్పనక్కర్లేకపోయింది.

మునియ్య ఏదో సర్దిచెప్పబోయాడు. "నాకేటి తెలుసు సెల్లీ, నేనొచ్చేసరికి ఆళ్ళు లేరు" అన్నాడు. ఆమె అతని మీద కోపగించుకోలేదు, అంత తీరిక లేదు. కొండ దిగేటప్పుడు పరుగెత్తింది.

ఆ సాయంత్రం గంగయ్య ముందుకు పప్పూ రొట్టే వచ్చాయి. అతను కంచం వంక, పెళ్ళాం వంక చూశాడు. ఆమె అంతా చెప్పింది, ఏడుస్తూ చెప్పింది. అతనికి మాత్రం అందులో ఒక్కటే అర్థమైంది.

"పనికెల్లలేనోడికి అన్నవెందుకనీసి అనుకున్నావు. అంతే కదేటి?"

"కాదు మావా. నీ కాళ్ళొట్టు. అన్నవే నిన్ను తినేత్తంది."

"అన్నం మనిసిని తింతాదేటే? ఎవుత్తో సెప్పిందనీసి కట్టుకున్నోడి నోటికాడ కూడు తీసీసినావు."

ఏం చెప్పినా అతని చెవికెక్కలేదు. ఎలా ఎక్కుతుంది పాపం? పుట్టిన దగ్గర్నుంచీ అన్నం పరబ్రహ్మమని విన్నవాడు. ఆమెకు మాత్రం ఏమంత నమ్మకం? ఒక పక్క పార్బతి మాట, ఇంకో పక్క తెల్లన్నం తప్ప ముట్టించనన్న తన మొక్కు. దేవుళ్ళు కాకపోతే దయ్యాలే అనుకుందాం, దయ్యాలకిచ్చిన మాట తప్పినా మంచిది కాదు కదా. పార్బతి పప్పు మూట తిరిగి తెచ్చిచ్చింది, ఊరికే ఇచ్చింది. కౌశల్య బియ్యం తీసుకుపోయి ఆవిడకు అప్పగించింది. ఇంట్లో ఉంటే తన మనసు తనమాట వినదని భయం. గంగయ్య నోట్లో పప్పుకట్టు పోస్తే సగం మింగేవాడు, సగం ఉమ్మేవాడు. రొట్టె గోడకేసి కొట్టేవాడు. పెళ్ళాం తిండి మానిపించిందని పక్కగదుల వాళ్ళకు వినపడేలా ఏడ్చేవాడు. వాళ్ళు కౌశల్యను చూస్తే ముఖం తిప్పుకునేవారు. ఆ మాటలన్నీ ఆమె పడింది. ఉబ్బు మోకాళ్ళు దాటింది.

ఒక పొద్దున పనికి వెళ్ళబోతుంటే గంగయ్య ఆమె చీర కుచ్చిళ్ళు పట్టుకున్నాడు. అరవడానికి ఓపిక లేదు. "కౌసల్లే, ఒక్క ముద్ద. ఎల్లిపోతూ ఒక్క ముద్దెట్టి ఎల్లవే" అన్నాడు. ఆమె పార్బతి లైను వైపు చూసింది. నాలుగంగల్లో పోయి తేవచ్చు. కూలీలను పనికి తోలే సర్దారు ఈల వేశాడు. ఇన్నాళ్ళూ ఆగింది, ఇవాళ పెడితే ఇదంతా బూడిదలో పోసినట్టే అనుకుంది. "రేపటికి తేలికవుద్ది మావా, ఇది తాగు" అని పప్పుకట్టు గిన్నె దగ్గరికి జరిపి, చీర విడిపించుకుని పోయింది.

సాయంత్రం వచ్చేసరికి గిన్నె అలాగే ఉంది, పైన తెట్టు కట్టింది. గంగయ్య గోడవైపు తిరిగి ఉన్నాడు.

చెరకు తోట చివర పాతిపెట్టారు. మూడోనాడు చిన్నదినం. కొడుకు లేడు కనక మునియ్యే తడిగుడ్డ కట్టుకుని ముందుకొచ్చాడు. "పిండానికి అన్నం కావాలి సెల్లీ. తెల్లగా, బాగా కడిగి వొండు. పోయినోడికి ఇట్టవైంది కదా" అన్నాడు, ఇంకేం చెప్పాలో తెలియక.

పార్బతి బియ్యం తెచ్చి ఇచ్చింది. కౌశల్య కడిగింది. నీళ్ళు తేటపడ్డాక కూడా కడుగుతూనే ఉంటే పార్బతి చెయ్యి పట్టుకుని ఆపాల్సొచ్చింది. వార్చి, ఆకులో వేసి తీసుకెళ్ళింది. ముద్ద చేసి మట్టి మీద పెట్టాక, వెనక్కి చూడకుండా రావాలన్నాడు మునియ్య. అందరూ కదిలారు. ఆమె కదల్లేదు. చేతికంటిన మెతుకుల్ని ఒక్కొక్కటే వలిచి ఆకులో వేసింది, ఒక్కటి కూడా తన దగ్గర ఉంచుకోలేదు.

"తిను మావా" అంది. "ఇంక నేను అడ్డు రాను."