ఖాళీ జాగా చుట్టూ దారి

ఆ జాగా సంగతి ఎరిగినవాళ్లలో నేనొక్కణ్ణే మిగిలాను గనుక ఇది రాసిపెడుతున్నాను. మొన్న మా అల్లుడు, మావాళ్లు నేతపనికి వలస వచ్చిన భేస్తాన్‌లో కొత్తగా లేచిన గోదాముకు తీసుకెళ్లాడు. మనుషులు లేరు, దీపాలూ అక్కర్లేదట. మసకలో బండ్లు వాటంతటవే బట్టల బేళ్లు మోసుకుంటూ గీత గీసినట్టు పోతున్నాయి. ఆ నేల నాకు తెలుసు.

ఒకప్పుడక్కడ మరమగ్గాల షెడ్డు ఉండేది; మావాళ్లు సాంచాలనేవారు. మా మేనమామ అందులోనే నేసేవాడు. సేఠు సాంచాలు అమ్మి దాన్ని గోదాము చేసినప్పుడు మామను మోతపనికి పెట్టుకుని, లైబ్రరీలో కర్మాగారాల అమరిక మీద దొరికిన పుస్తకమల్లా చదివి ఆ గర్వంతో తిరుగుతున్న నన్ను నక్షా గీయమన్నాడు. తలుపు నుంచి అరల దాకా తిన్నని దారి గీశాను.

అయినా పని సాగలేదు. చూస్తే, అందరూ నడుమ ఒకచోట పక్కకు ఒరిగి, ఖాళీ నేలను చుట్టి పోతున్నారు. మామ సాంచె ఉన్న చోటది. సాంచె మొహమే చూడని కొత్త కూలీలూ అలాగే చుట్టి పోయేవారు!

"సీధా చలో భాయ్! పని జోరందుకోకపోతే ఈ బుడ్ఢాకు ఛుట్టీ" అని సేఠు మామ వైపు వేలు చూపి కసిరాడు. మామ ఇంటికి ఆ పనే ఆధారం. "మామా, జర సీదా నడువరాదూ" అని బతిమాలాను.

"గా జాగలకెల్లి ఎట్ల పోవాల్రా, లైబ్రరీ పంతులూ? సాంచె నడుస్తలేదా?" అని నవ్వుతూనే మామ తిన్నగా నడిచాడు. నడుమకు రాగానే బేలు దించి, రెండు చేతులూ ఎత్తి, పట్టపగలు గాలిలో ముడి వేశాడు. "పోగు తెగింది, జర ఆగు."

ఆ చోటు ఖాళీగా వదిలి, దారిని దాని చుట్టూ వంచి మళ్లీ గీశాను. ఇంత జాగా ఎందుకు వృథా అని సేఠు అడిగితే, గాలి ఆడకపోతే గుడ్డకు బూజు పడుతుందని కితాబులో ఉందన్నాను, నిజంగానే ఉంది. ఎవరూ తడబడక పని జోరందుకుంది, మామ పని దక్కింది.

మొన్న అల్లుడితో మాట్లాడుతూ నడుస్తుంటే నా కాళ్లు పక్కకు తిరిగాయి. చూసుకుంటే బొటనవేలూ చూపుడువేలూ లేని పోగును మెలిపెడుతున్నాయి. జన్మలో నేనెన్నడూ నేయలేదు.

నన్ను అక్కడికి తీసుకెళ్లిన అల్లుడు నవీన్‌కు, అడిగిన పుస్తకమల్లా వెతికిచ్చిన లైబ్రరీ హంసాబెన్‌కు, ఇప్పుడు లేని మామ రాజమల్లుకు నా దండాలు. ఆయన చుట్టి నడిచిన చోటు మీదుగానే బండ్లు పోతున్నాయి. పోగు తెగింది, ఆగమనే మనిషి లేడు.