చెవి మిషను మీద తీర్థం

ఈ పొద్దు పెరుమాళ్ గుడిలో తన మనుమరాలు మొదటిసారి పాడుతుందని, సరిగ్గా వినబడని మామ మదురైలో కొన్న చెవి మిషను పెట్టుకొని వచ్చినాడు. శబ్దం పట్టే దాని పెట్టె చొక్కా జేబులో ఉంటుంది, తీగ చెవికి పోతుంది. మా గుడిలో మగవాళ్లు చొక్కా విప్పాలి. మామ పెట్టెను పంచె మడతలో దోపుకొంటే బట్ట రాపిడి తప్ప ఏమీ వినబడలేదు. అందుకని దాన్ని అరచేతిలో పెట్టి పిల్ల వైపు చాపినాడు. పాట వినబడుతున్నట్టు ముఖంలోనే తెలిసింది.

సగం పాటలో పూజారి తీర్థం ఇస్తూ వచ్చినాడు. చాపిన చెయ్యి చూసి, అలవాటుగా ఉద్ధరిణెడు నీళ్లు పోసినాడు. మిషను ఆగిపోయింది.

పాట అయిపోయినాక, పిల్ల లోపల ఉండగానే మామ పక్కనున్న నన్ను బయటికి పిలిచినాడు.

"మిగిలిన పాట నువ్వు చెప్పప్పా."

"నాకు పాడడం రాదు మామా."

"రాకుంటే ఏం, గట్టిగా చెప్పు."

నడివీధిలో ఆయన చెవి దగ్గర అరిచి పాడినాను. జనం నిలబడి చూసినారు. మామ చివరిదాకా విని, "పిల్ల ఇంతకన్నా బాగా పాడి ఉంటుందిలే" అన్నాడు.

పెట్టె విప్పి ఆరబెట్టినాము. వచ్చే శనివారం పిల్ల మళ్లీ పాడుతుంది. తడిసిన మిషనును బాగుచేసే దారి మీలో ఎవరికైనా తెలిస్తే చెప్పండి. లేకుంటే నేనే పాడాలి.