నాలుగో ఫారంలో చీమలు

మా పెదనాన్న జీవితమంతా పుస్తకాల మధ్యే గడిచింది, ఒక్కటీ చదవకుండా. చదువు రాక కాదు, చదవకూడదని పట్టు. గ్రంథాలయం వెనక, సైకిళ్ళ స్టాండును ఆనుకుని ఉన్న గదిలో ఆయన బైండరు. చిరిగిన పుస్తకాలన్నీ ఆ గదికే వెళ్తాయి. ముందు హాల్లో పుస్తకాలిచ్చే కౌంటరు నాది. కాబట్టి ఆయన గురించి నాకు తెలియనిది తక్కువ, తెలిసింది దాచుకునే అలవాటు అంతకంటే తక్కువ.

పాత పుస్తకాన్ని విప్పితే పదహారేసి పేజీల మడతలుగా విడిపోతుంది. ఒక్కో మడతనీ ఫారం అంటారు. చిరుగులకు పల్చటి కాగితం అతికించి, ఫారాలు వరసగా పేర్చి, కుట్టి, కొత్త అట్ట వేయాలి. వరస తప్పకుండా ఆయన పేజీ మూలనున్న నంబరు చూసుకునేవాడు. చూపు నంబరు దాటి లోపలికి పోనిచ్చేవాడు కాదు.

"చదవడం మొదలెట్టావంటే పని గోవిందా. కథలో పడ్డావా, సూది వేల్లో దిగుతుంది," అనేవాడు. ఫలానా పుస్తకం ఎలా ఉంటుందని ఎవరైనా అడిగితే, "గట్టిగా ఉంటుంది, నేనే కుట్టాను" అని జవాబు. అదేదో ఘనకార్యమైనట్టు చెప్పుకునేవాడు. వింటుంటే నాకు ఒళ్ళు మండేది. కానీ పనిలో ఆయనకి వంక పెట్టడానికి లేదు. ఆయన కుట్టిన పుస్తకం గోడకేసి కొట్టినా ఊడదని లైబ్రేరియన్ గారే అనేవారు.

మా పాఠకుల్లో టైలరమ్మ అని ఒకావిడ ఉంది. బజారు చివర మిషను పెట్టుకుని బట్టలు కుడుతుంది. డిటెక్టివ్ నవల తప్ప ఇంకోటి ముట్టదు. ఒకరోజు విసురుగా వచ్చి పుస్తకం కౌంటరు మీద పడేసింది.

"చీమలేమయ్యాయమ్మా?"

"ఏ చీమలండీ?"

"నన్నడుగుతావేం? లాయరుని ఎవడో పొడిచేశాడు. ఇన్‌స్పెక్టరు తలుపు తోశాడు. అక్కణ్ణించి అన్నీ చీమలే! రాణీ చీమట, కూలి చీమలట, పుట్టలో గదులట. సరే, ఇందులో ఏదో కిటుకుంది, హంతకుణ్ణి చీమలే పట్టిస్తాయి కాబోలని అక్షరం వదలకుండా చదివాను. తీరా చూస్తే ఇన్‌స్పెక్టరు కూర్చుని కాఫీ తాగుతున్నాడు. ఆఖరిదాకా చీమల ఊసే లేదు!"

హాల్లో ఉన్నవాళ్ళంతా నవ్వారు. లైబ్రేరియన్ గారు మాత్రం నవ్వకుండా పెదనాన్నను పిలిపించారు.

జరిగింది ఇది. నవల, చీమల పుస్తకం ఒకే సైజువి, ఒకే రకం కాగితం. రెండూ ఒకేసారి బల్లమీద విప్పి ఉన్నాయి. దీని నాలుగో ఫారం దాన్లోకి, దాని నాలుగో ఫారం దీన్లోకి వెళ్ళాయి. నంబర్లలో ఎక్కడా తేడా లేదు, నలభై ఎనిమిది తర్వాత బుద్ధిగా నలభై తొమ్మిదే ఉంది. ఒక్క వాక్యం చదివి ఉంటే తెలిసిపోయేది.

"నంబరు సరిగ్గానే ఉందండీ," అన్నాడు పెదనాన్న.

"నంబర్లు చదువుకోవడానికి జనం ఇక్కడికి రారు. ఇలాంటిది ఇంకొక్కటి బయటపడితే బైండింగు బయట షాపుకి ఇచ్చేస్తాను. తర్వాత నన్ననుకోకండి," అన్నారు లైబ్రేరియన్ గారు.

ఆ గది పోతే ఇంట్లో కూర్చుని పెద్దమ్మ చేత చీవాట్లు తినాలని పైకి నవ్వేశాడు గానీ, భయం ఆయన కళ్ళలో కనిపిస్తూనే ఉంది. ఆయనకి వచ్చిన పని అదొక్కటే, ఇష్టమైందీ అదొక్కటే.

తప్పు సరిచేయడానికి రెండు పుస్తకాలనూ మళ్ళీ విప్పాడు. ఇక నంబరు మీద నమ్మకం పోయింది. ఒక ఫారంలో ఆఖరి వాక్యం, తర్వాతి ఫారంలో మొదటి వాక్యం కలిపి చూసుకోసాగాడు. మనిషన్నాక ఆ రెండు వాక్యాల దగ్గర ఆగుతాడా? లాయరుని పొడిచిందెవరో తేలేదాకా గదిలోంచి కదల్లేదు. భోజనానికి రాలేదేమని పెద్దమ్మ నాకు ఫోను చేసింది. మర్నాడు చీమల పుస్తకం మొదలుపెట్టాడు.

దాన్ని ఆయన కుట్టి ఇవ్వగానే టైలరమ్మ పట్టుకుపోయింది. ఆవిడా దారి తప్పింది. చీమల తర్వాత తేనెటీగలు, ఆ తర్వాత నక్షత్రాలు, ఓడలు, పాత యుద్ధాలు. ఆవిడ తిరిగిచ్చినవి ఈయన, ఈయన ముగించినవి ఆవిడ. జబ్బుల పుస్తకం చదివిన వారం ఆయనకి అన్ని జబ్బులూ వచ్చాయి. అందులో రాసినవన్నీ తనకున్నాయని మంచమెక్కితే, "కాన్పు గురించి కూడా రాశారా?" అని అడిగింది పెద్దమ్మ. మనస్తత్వశాస్త్రం చదివి ఆవిడ కోపానికి మూలం చిన్నతనంలో వెతకబోయాడు. "అంత వెనక్కెందుకండీ, పొద్దున్న పాలు పొంగిపోతుంటే పుస్తకం పట్టుకు కూర్చున్నారు చూడండి, అక్కడ వెతకండి," అంది. కవిత్వం ఒక్కటే కొరుకుడు పడలేదు. "పక్కన బోలెడు కాగితం ఉందిగా, లైను సగంలో ఆపేశాడేమే?" అని నన్నడిగాడు. ఆ వయసులో ఆయన అలా వెర్రిగా చదువుతుంటే నాకు ముచ్చటేసేది, కాస్త అసూయగా కూడా ఉండేది.

ఒక మధ్యాహ్నం ఓ లావుపాటి పుస్తకం తెచ్చి నా ముందు తెరిచి పెట్టాడు. ఇద్దరు అన్నదమ్ములు మంచుకొండ ఎక్కిన కథ. తమ్ముడు తాడుకి వేలాడుతున్నాడు, అన్న చెయ్యి పట్టు తప్పుతోంది. పేజీ తిప్పితే, గుడ్లు పెట్టే కోళ్ళకు దాణా ఎంత వెయ్యాలి.

మడత మధ్యలో దారం ముడి చూపించాడు. "నా ముడే. ఎప్పుడో కుట్టాను. వాడు బతికాడో లేదోనని నిన్నట్నుంచీ అన్నం సయించడం లేదమ్మాయ్. చదివేవాళ్ళని ఇంత ఏడిపించానా నేను?"

"ఎవరికీ తెలీదుగా పెదనాన్నా. కోళ్ళ పుస్తకం వెతికి, గుట్టు చప్పుడు కాకుండా మార్చి కుట్టెయ్యి."

"అది పాతబడిందని ఎప్పుడో తూకానికి వేసేశారు. కొండ కాగితాలు దాంతోనే పోయాయి."

ఇక ఒకటే దారి. వేరే ఊరి గ్రంథాలయంలో ఆ పుస్తకం ఉంటే ఆ పేజీలకి నకలు తెప్పించాలి. అడగాల్సింది లైబ్రేరియన్ గారు. కాగితం మీద కారణం రాయాలి. రాస్తే ఏమవుతుందో పెదనాన్నకీ తెలుసు, నాకూ తెలుసు. వద్దని చెయ్యి పట్టుకున్నాను. విడిపించుకుని లోపలికి వెళ్ళాడు. నేనూ వెనకే వెళ్ళి గుమ్మంలో నిలబడ్డాను.

లైబ్రేరియన్ గారు పుస్తకం అటూ ఇటూ తిప్పారు. వెనక అట్టకి అంటించిన చీటీలో తేదీలు చూశారు. ఆ చూపులో కోపం లేదు, ఆయన చెడ్డవాడేం కాదు.

"ఏళ్ళ తరబడి దీన్ని ఎవరూ తీసుకోలేదు. నేను పైవాళ్ళకి కాగితం పెట్టానంటే ఇక నా చేతుల్లో ఏమీ ఉండదు, మీ పని పోతుంది. ఎవరూ చదవని పుస్తకం కోసం ఎందుకండీ ఈ గొడవ? తీసుకెళ్ళి ఉన్నచోట పెట్టేయండి," అన్నారు నెమ్మదిగా.

పెదనాన్న పుస్తకం అందుకోలేదు.

"నేను చదువుతున్నానండీ. సగంలో ఉన్నాను," అన్నాడు.