అత్తమ్మ కూర్చునే వైపు

మా కారు వెనక షాకబ్జర్లు నేనే మార్చాను. మార్పించాననడం లేదు, మార్చాను. ఈ మాట అన్నప్పుడల్లా వినేవాళ్ళు ముందు నా మొహం, తర్వాత మా ఆయన మొహం చూస్తారు. మా ఆయన కాజీపేటలో గూడ్సు రైళ్ళు నడుపుతాడు. రైలుకు స్టీరింగు ఉండదు గనక ఆయనకు కారు రాదు. ఇంట్లో కారు నడిపేది నేను, కడిగేది నేను, దాని రోగాలు కనిపెట్టేదీ నేనే. పైగా మా నాన్న ఈ వరంగల్లులోనే సాంచాలు, అంటే మరమగ్గాలు, బాగుచేసి బతికినవాడు. ఆయన పక్కన కూర్చుని పానాలు అందిస్తూ పెరిగినదాన్ని. నాలుగు బోల్టులు విప్పడానికి నాకు ముహూర్తం అక్కర్లేదు.

అయినా అది సరదాకు చేసిన పని కాదు. మా అత్తమ్మ కారెక్కడం మానేసింది. ఆమెను మళ్ళీ ఎక్కించాలి. నాకు కావలసింది అదొక్కటే.

అత్తమ్మ ఒకచోట కుదురుగా కూర్చునే మనిషి కాదు. పెళ్ళికి పిలిస్తే పోతుంది, పిలవకపోతే ఎందుకు పిలవలేదో అడగడానికి పోతుంది. నెలకోసారైనా రఘునాథపల్లిలో తమ్ముడింటికి పోయి, పత్తి ఎట్లా ఉంది, బర్రె ఈనిందా, కోడలు మాట వింటోందా అని అన్నీ విచారించుకొని వస్తేనే ఆమెకు ముద్ద దిగేది. నేను నడుపుతుంటే సరిగ్గా నా వెనక, కుడివైపు కిటికీ పక్కన కూర్చుంటుంది. తోవ పొడుగునా ఏ చేను ఎవరిదో, ఎవరు ఎవరికి అమ్ముకున్నారో చెబుతూనే ఉంటుంది.

కిందటి ఎండాకాలం అట్లాగే తిరిగి వస్తుంటే, హైవే పక్క రోడ్డు మీద రాత్రికి రాత్రి ఎవరో పోసిన స్పీడు బ్రేకరు ఒకటి అడ్డం వచ్చింది. దాని మీద తెల్లగీత కూడా లేదు. నేను వేగంగా లేను. ముందు చక్రాలు మెల్లగానే దిగాయి. వెనక చక్రాలు దిగేటప్పుడు మాత్రం కారు ఎగిరిపడింది, పడి మళ్ళీ ఎగిరింది. అత్తమ్మ సీటు మీంచి లేచి కూలబడింది. అరవలేదు. జర ఆపు బిడ్డా అంది, అంతే. నడుము దగ్గర ఎముక చిట్లింది. ఆ తర్వాత దవాఖాన, నడుముకు బెల్టు, మంచం.

ఎముక అతుక్కుంది. మరీ కుదుపులు లేకుండా చూసుకొని ఇక ఎక్కడికైనా తిరగవచ్చన్నాడు డాక్టరు. అత్తమ్మ బుద్ధిగా తలూపింది. ఇంటికొచ్చాక కారెక్కమంటే మాత్రం ఎక్కనంది. కోపంగా అనలేదు, కారణమూ చెప్పలేదు. పోనీ బస్సులో పోదామంటే, బస్సు కుదుపులు కారు కంటే ఎక్కువ కదా అని నాకే తిప్పి చెప్పింది. ఆమె తమ్ముడే కూరగాయల సంచి పట్టుకొని వచ్చి కనబడి పోతున్నాడు. నలుగురి ఇళ్ళూ చుట్టి వచ్చే మనిషి మా గేటు దాకా నడిచి వెనక్కి తిరుగుతుంటే నేను చూడలేక వంటింట్లోకి పోయేదాన్ని. ఒక్కసారి నన్ను తిట్టినా బాగుండేది. ఆమె తిట్టలేదు, నాకు నిద్ర పట్టలేదు.

ఆ దెబ్బ తగలడానికి కొన్నాళ్ళ ముందే కారు వెనక ఊగుతోందని ఒక మెకానిక్కుకు చూపించాను. అతను డిక్కీ మీద చెయ్యేసి ఒక్కసారి నొక్కి, ఇంకా చానా రోజులు లాగుతయి, ఫికర్ చెయ్యకు అక్కా అన్నాడు. నమ్మాను. అత్తమ్మ మంచాన పడ్డాక నేనే వంగి చూస్తే రెండు షాకబ్జర్లకూ నూనె కారి, దాని మీద దుమ్ము పేరుకొని అట్టలు కట్టి ఉంది. ఇక ఇంకొకరి చేతికిచ్చే మాటే లేదనుకున్నాను. ఇంటి ముందు, అత్తమ్మ కళ్ళెదుట, నా చేతులతోనే మార్చాలి. చూస్తే నమ్ముతుంది, నమ్మితే ఎక్కుతుంది. అంత సూటిగా ఆలోచించాను.

కొత్తవి జత తెచ్చాను. ఒకవైపు పాతది ఉంచి ఒకవైపే కొత్తది వేస్తే, కుంటెద్దునూ మంచెద్దునూ ఒకే కాడికి కట్టినట్టవుతుంది. ముందురోజు సాయంత్రమే కింది బోల్టుల మీద కిరసనాయిలు పోసి నానబెట్టాను. ఆదివారం పొద్దున మా ఆయన రాత్రి డ్యూటీ దిగొచ్చి పడుకున్నాడు. నేను పాత చుడీదారు వేసుకొని, జుట్టు ముడేసి, పానాల పెట్టె బయటికి తెచ్చాను. అత్తమ్మ గడప ముందు ప్లాస్టిక్ కుర్చీ వేసుకొని చిక్కుడుకాయలు ఒలవడం మొదలుపెట్టింది. పని మొదలుపెట్టేముందు ఒక నిమ్మకాయన్నా కోయమని పక్కింటి అక్క గోడ మీంచి చెప్పింది. నిమ్మకాయ సంగతి పప్పులోకి చూద్దాంలే అన్నాను.

పైనుండే నట్టు డిక్కీ లోపల రబ్బరు మూత కింద ఉంటుంది. దాన్ని తిప్పితే షాకబ్జరు కడ్డీ కూడా దానితోపాటే తిరుగుతుంది. ఒక పానాతో కడ్డీని కదలకుండా పట్టుకొని, రెండోదానితో నట్టు తిప్పాలి. అది తేలిగ్గానే వచ్చింది. జాకీతో కారు లేపి, కింద ఇనుప స్టాండు పెట్టి, చక్రం తీసి కింది బోల్టు దగ్గరికి వచ్చాక అసలు సంగతి తెలిసింది. ఏళ్ళ తరబడి వానలో నానిన బోల్టు అది. సుత్తితో నాలుగు వైపులా తట్టాను. పానాకు పైపు తొడిగి, బలమంతా పెట్టి లాగాను. కదల్లేదు. మళ్ళీ కిరసనాయిలు పోసి, చాయ తాగి వచ్చి, ఈసారి నోటికొచ్చిన తిట్టొకటి తిట్టి లాగాను. కీచుమని కదిలింది. బోల్టులకు మర్యాద తెలియదని మా నాన్న ఊరికే అనలేదు.

ఊడదీసిన పాత షాకబ్జరును అత్తమ్మ దగ్గరికి తీసుకుపోయి నొక్కమన్నాను. ఒక చేత్తో నొక్కితే కడ్డీ సర్రున లోపలికి పోయి అక్కడే ఉండిపోయింది. కొత్తది నిలబెట్టి ఇచ్చాను. దాన్ని రెండు చేతులతో నొక్కాల్సి వచ్చింది, వదిలితే కడ్డీ మెల్లగా, బింకంగా పైకి లేచింది. అత్తమ్మకు నచ్చింది. ఇంకోసారి నొక్కింది. చిక్కుడుకాయలు పక్కన పెట్టి మూడోసారి కూడా నొక్కింది. ఇదే అదననుకొని, ఇప్పుడన్నా ఎక్కుతావా అత్తమ్మా అని అడిగాను. ఆమె దాన్ని నా చేతిలో పెట్టేసి, ఎక్కనని మళ్ళీ చిక్కుడుకాయలు అందుకుంది.

నాకు ఒళ్ళు మండిపోయింది. ఇంత చేసింది ఎవరి కోసం? ఆ మంటలోనే వెళ్ళి ఎడమవైపు కొత్తది ఎక్కించి, పైన నట్టు వేసి, కింది బోల్టు పళ్ళు కొరుకుతూ బిగించేశాను. రెండోవైపు కూడా పాతది తీసి, కొత్తది పెట్టి అట్లాగే బిగించబోతుంటే చెయ్యి ఆగింది. పెద్ద తప్పు చేస్తున్నాను. షాకబ్జరు కింది కొసలో గుండ్రటి రబ్బరు ఒకటి ఉంటుంది, దాని మధ్యలోంచే బోల్టు పోతుంది. చక్రం గాల్లో వేలాడుతుండగా బోల్టు బిగిస్తే, కారు నేలకు దిగగానే ఆ రబ్బరు మెలిపడుతుంది. ఇక పొద్దస్తమానం ఆ మెలికతోనే ఉండి కొన్నాళ్ళకే చిరుగుతుంది. చాలామంది చేసే పని అదే, కొత్తవి వేసినా టకటకమంటున్నాయని తిట్టుకునేదీ వాళ్ళే. సాంచెకైనా నూలెక్కి బరువు పడ్డాకనే ఆఖరి బిగింపు అనేవాడు మా నాన్న. ఎడమవైపు బోల్టు మళ్ళీ వదులు చేశాను. కోపం కూడా కొంత వదులైంది.

చక్రాలు వేసి, కారు నేలకు దించి, కింద చెయ్యి పట్టేందుకు వెనక చక్రాలను మందపాటి చెక్కల మీదికి ఎక్కించాను. గేరులో ఉంచి, ముందు చక్రాలకు రాళ్ళు అడ్డం పెట్టాను. ఇక కారు మామూలుగా ఎంత బరువు మోస్తుందో అంత బరువు వెనక ఎక్కాలి. పక్కింటి అక్కను పిలిస్తే, ఊరికే కూర్చోవడమే కదా అని వచ్చి ఎడమవైపు కూర్చుంది. కుడివైపుకు మనిషి లేదు. మా ఆయన్ను లేపి, లోపలున్న బియ్యం బస్తా తెచ్చి అక్కడ పెట్టమన్నాను. ఆయన నిద్రకళ్ళతో బస్తా భుజానికెత్తుకొని వచ్చి, కారు తలుపు తీసి, సీటు మీదికి దించబోయాడు.

"ఏందిరా అది? నా జాగల బియ్యం బస్తా పెడ్తాన్నవా?"

మా ఆయన బస్తాతో సహా ఆగిపోయాడు. బరువు కోసం అమ్మా, పనయినంక తీసేస్తా అన్నాడు. అత్తమ్మ చిక్కుడుకాయల గిన్నె కింద పెట్టి లేచింది. బరువే కావాల్నంటే నేను లేనా, నేను సచ్చిన్నా అని అడిగింది. ఆయన నా వైపు చూశాడు. నేను ఆకాశం వైపు చూశాను. అప్పుడు నోరు మెదిపితే మొత్తం చెడిపోతుందని నాకు తెలుసు. అత్తమ్మ నడుము మీద ఒక చెయ్యి ఆనించుకొని నడిచి వచ్చి, చీర కుచ్చిళ్ళు సర్దుకొని, తన వైపు తలుపులోంచి ఎక్కి తన సీట్లో కూర్చుంది. కారు వెనకభాగం మెత్తగా ఒకింత కిందికి దిగి నిలబడింది.

నేను గబగబా నేల మీద పడుకొని భుజాల దాకా కారు కిందికి జరిగాను. అసలే నిలకడ లేని మనిషి, మనసు మార్చుకోకముందే బిగించెయ్యాలి. ఎడమవైపు అయింది. కుడివైపు పానా పెట్టాను. నా తలకు సరిగ్గా పైన అత్తమ్మ. మధ్యలో ఒక రేకు, ఒక సీటు. పక్కింటి అక్క ఏదో అడిగినట్టుంది, నడుము నొప్పి భయంతోనే ఎక్కడం మానేశావా అని. అత్తమ్మ అక్కకు కాదు, నాకు వినబడేటట్టు చెప్పింది.

"నడుముకు భయపడి ఎక్కలేదనుకుంటాన్నవా బిడ్డా? ఆ దినం దవాఖాన్ల గోడకు తలానిచ్చి నువ్వు ఏడ్సుడు నేను సూసిన. నేనెక్కితె నువ్వు తొవ్వ సూడవు. జర కుదుపొస్తె సాలు, అద్దంల నన్నే సూస్తవు. లారీలు తిరిగే తొవ్వ అది. నా బొక్క ఇరిగితె అతుకుతది. నీకేమన్న అయితె నేనేం జెయ్యాలె?"

నా చేతిలో పానా ఉంది. రెండు చేతులూ దాని మీదే ఉన్నాయి. కళ్ళ నీళ్ళు చెవుల్లోకి కారుతుంటే తుడుచుకోవడానికి వీల్లేకపోయింది. ఇన్నాళ్ళూ ఆమెకు కారు మీద నమ్మకం పోయిందనుకున్నాను, నా మీద పోయిందనుకున్నాను. ఆమె నా కోసం ఇంట్లో కూర్చుందని కలలో కూడా అనుకోలేదు. తిరిగే కాళ్ళను కట్టేసుకొని, తమ్ముడి ఇల్లు మానుకొని, నా కోసం కూర్చుంది. ఏడుస్తూనే బిగించాను. బోల్టు మాత్రం గట్టిగానే బిగించాను, అందులో మొహమాటం లేదు.

బయటికి వచ్చి మోచేత్తో మొహం తుడుచుకున్నాను. అత్తమ్మా, అయిపోయింది, ఇక దిగు అన్నాను. పక్కింటి అక్క దిగి, నా వంకే చూస్తున్న మా ఆయన్ను లోపలికి పోయి పడుకోమని సైగ చేసింది. అత్తమ్మ దిగలేదు. తలుపు లాగి వేసుకుంది.

"ఎక్కినదాన్ని మల్ల దింపుతవా బిడ్డా? నడువు, జర సందు మలుపు దాక."

చేతులకు గ్రీజు అట్లాగే ఉంది. ఒక గుడ్డ ముక్క స్టీరింగుకు చుట్టుకొని కూర్చున్నాను. లోపలికి పోబోతున్న మా ఆయన వెనక్కొచ్చి రాళ్ళు తీశాడు. చెక్కల మీంచి కారు దిగింది, మా సందులోంచి పెద్ద వీధిలోకి తిరిగింది. అక్కడ కొత్త డ్రైనేజీ కోసం తవ్వి పూడ్చిన గాడి ఒకటి రోడ్డుకు అడ్డంగా ఉంది. దాని దగ్గర బాగా మెల్లగా పోనిచ్చాను. ముందు చక్రాలు దాటాయి. వెనక చక్రాలు దిగి ఒక్కసారి లేచి, అంతటితో కుదురుకున్నాయి. అంత బాగా చేశాను. ఆ సంతోషంలో, ఎంత వద్దనుకున్నా, నా కళ్ళు అద్దంలోకి పోయాయి.

అద్దంలో అత్తమ్మ కళ్ళు నా కోసమే కాచుకొని ఉన్నాయి.

"నాకెరికే, సూస్తవని. ముంగట సూడు."