ఫుజైరాలో మేము చూడని మ్యాచ్

దుబాయ్ నుంచి ఫుజైరాకు పాత కొండదారిలో వెళ్లి ఒక్కరోజులో తిరిగి రావచ్చా అని గత నెలలో ఇద్దరు పాఠకులు అడిగారు. రావచ్చు, హాయిగా రావచ్చు. ఆ దారిలో నేను ఏడెనిమిదిసార్లు వెళ్లాను. స్నేహితులతో వెళ్లాను, చర్చివాళ్ల విహారయాత్రలో వెళ్లాను, పెళ్లయ్యాక మా ఆయనతో వెళ్లాను. కానీ ఫుజైరా అనగానే నాకు గుర్తొచ్చేది మాత్రం 2005లో ఎండలు ముదురుతున్న రోజుల్లో, ఒక శుక్రవారం నాడు బాస్కెట్‌బాల్ జట్టు బస్సులో చేసిన ప్రయాణమే. అందుకే దారి వివరాలన్నీ ఆ ప్రయాణంతో కలిపే చెబుతున్నాను. ఇందులోని ధరలు, సమయాలు ఆనాటివి. ఇప్పుడు కొత్త హైవే వచ్చింది కాబట్టి త్వరగానే చేరతారు. కానీ వీలైతే పాత దారినే పట్టండి.

ఆ బస్సులో నేనెందుకున్నానో ముందు చెప్పాలి. బాపట్లలో నర్సింగ్ ముగించి, అంతకు ముందు ఏడాదే దుబాయ్‌లో ఒక ప్రైవేటు క్లినిక్‌లో చేరాను. మా క్లినిక్‌కు ఒక క్లబ్బుతో ఒప్పందం ఉండేది. వాళ్ల జట్టు ఎక్కడ ఆడినా ఒక నర్సు, ఒక మందుల పెట్టె వెంట వెళ్లాలి. శుక్రవారం సెలవు పోతుందని పాతవాళ్లెవరూ ఒప్పుకోలేదు. కొత్తదాన్ని కనుక ఆ పని నా మీద పడింది. బాస్కెట్‌బాల్ అంటే ఏమిటో నాకు తెలియదు. నేర్పింది బస్సు డ్రైవరు ఖాదరన్న. ఆయనది ప్రొద్దుటూరు, అల్ ఖూజ్ కార్మికుల క్యాంపులో ఉండేవాడు, వచ్చి ఇరవై ఏళ్లు దాటింది. "ఆ గీత బయట్నుంచి ఏస్తే మూడు, లోపల్నుంచి ఏస్తే రెండు. మిగతాదంతా ఉరుకులాటే సిస్టరమ్మా" అని మొదటి రోజే ఒక్క ముక్కలో తేల్చేశాడు. అక్టోబరులో సీజన్ మొదలైనప్పుడు ఆటగాళ్ల వేళ్లకు పట్టీలు కట్టి మూలన కూర్చునేదాన్ని. సంక్రాంతి దాటేసరికి బంతి రింగు అంచు మీద తిరుగుతుంటే ఊపిరి బిగబట్టి లేచి నిలబడేదాన్ని.

జట్టు కెప్టెన్ సయీద్. ముప్పై మూడేళ్లు. ఫుజైరా పక్కన సముద్రం ఒడ్డున ఉన్న ఒక పల్లెవాడు. చిన్నప్పుడు వీధి చివర కిరాణా కొట్లో నేర్చుకున్న హిందీ మాట్లాడేవాడు. ప్రతి క్రియకూ చివర 'ఆయేగా', 'జాయేగా' తగిలించే హిందీ అది. అదే అతని ఆఖరి సీజన్ అని అందరికీ తెలుసు. సీజన్‌లో చివరి లీగ్ మ్యాచ్ ఫుజైరాలోనే పడింది. గెలిస్తే మేము మొదటి నాలుగు జట్లలో చేరి కప్పు పోటీకి వెళ్తాం, ఓడితే ఇంటికే. ఇంకో సంగతి కూడా ఉంది. సయీద్ వాళ్ల నాన్న చేపలు పట్టి బతికిన మనిషి. బంతాట కోసం దుబాయ్ దాకా రావడమేమిటని కొడుకు ఆట ఒక్కసారీ చూడలేదు. ఆట ఇంటి దగ్గరికే వస్తోంది కాబట్టి ఈసారి వస్తానన్నాడట. ఆ సంగతి సయీద్ ఆ వారంలో నాకే మూడుసార్లు చెప్పాడు.

జుమ్మా నమాజు అయ్యాక, ఒకటీ ముప్పావుకు బస్సు బయలుదేరింది. షార్జా దాటి, ధైద్ మీదుగా మసాఫీ, అక్కడ కుడివైపు తిరిగితే ఫుజైరా. మొత్తం నూట ముప్పై కిలోమీటర్ల లోపే, రెండు గంటల దారి. సొంత బండి లేనివాళ్లకు అప్పట్లో దేరా ట్యాక్సీ స్టాండు నుంచి మినీబస్సు ఉండేది, పాతిక దిర్హాములు. అయితే అది తిరుగుదారిలో మనుషుల్ని ఎక్కించుకునేది కాదు, రావడానికి వేరే ట్యాక్సీ మాట్లాడుకోవాల్సి వచ్చేది. ధైద్ దాకా ఎర్ర ఇసుక, అక్కడక్కడా ఒంటెలు. తర్వాత ఉన్నట్టుండి ఇసుక ఆగిపోయి, కాలిన ఇటుక రంగు కొండలు రెండు పక్కలా లేస్తాయి. ఖాదరన్న పాత తెలుగు పాటల క్యాసెట్ పెట్టాడు. వెనక సీట్లలో ఉన్న అరబ్బు కుర్రాళ్లకు అప్పటికే ఆ రాగాలు అలవాటైపోయాయి, ఒకడు సీటు మీద తాళం వేస్తున్నాడు.

మూడు గంటలకు మసాఫీకి కాస్త ముందు వచ్చే రోడ్డుపక్క బజారులో ఆగాం. శుక్రవారం బజారంటారు గానీ వారమంతా ఉంటుంది. తివాచీలు, కుండలు, మామిడిపళ్లు, కాల్చిన మొక్కజొన్న పొత్తులు, యాభై ఫిల్సుకు కరక్ చాయ్. అందరూ దిగారు. సయీద్ అందరికంటే చివర, రైలింగు పట్టుకుని దిగాడు. పదిహేను రోజుల కిందట ప్రాక్టీసులో అతని చీలమండ మెలిపడింది. వారం పాటు కట్టు వేసి తీసేశారు. ఆడవచ్చని డాక్టరు కాగితం కూడా ఇచ్చాడు. కానీ అతను నడుస్తున్న తీరు చీలమండ నొప్పిలా లేదు. మ్యాచ్‌కు కొత్త పట్టీ కడతానని పిలిచి, బస్సు మెట్టు మీద కూర్చోబెట్టి, పాంటు పైకి మడిచాను.

ఎడమ పిక్క బిగిసిపోయి, మెరుస్తోంది. చెయ్యి వేస్తే వేడి. పెట్టెలోంచి టేపు తీసి రెండు కాళ్లూ కొలిచాను. నాలుగు సెంటీమీటర్ల తేడా ఉంది. ఎన్నాళ్లనుంచి అని అడిగితే మూడు రోజులన్నాడు, కండ పట్టిందనుకున్నాడట. చదువుకునే రోజుల్లో మా వార్డులో ఇలాంటి కాలుతోనే ఒకాయన మంచం దిగి, బాత్రూం దాకా వెళ్లకుండానే కూలిపోయాడు. కాలి నరంలో కట్టిన రక్తపు గడ్డ ఊపిరితిత్తుల్లోకి పోతే అంతే. ఈ కాలుతో ఇతను నలభై నిమిషాలు ఉరకబోతున్నాడు.

ఆ మాటే చెప్పాను. సయీద్ చుట్టూ చూసి గొంతు తగ్గించాడు. "సిస్టర్, కిసీకో మత్ బోలో. ఏక్ మ్యాచ్. ఉస్కే బాద్ ఖలాస్. హాస్పిటల్ బోలో, హాస్పిటల్ ఆయేగా. జైల్ బోలో, జైల్ ఆయేగా." ఎవరికీ చెప్పొద్దని, ఈ ఒక్క మ్యాచ్ అయ్యాక ఎక్కడికి రమ్మన్నా వస్తానని. నేను తల అడ్డంగా ఊపాను. "మేరా బాబా ఆయేగా ఆజ్" అన్నాడు, ఈరోజు మా నాన్న వస్తాడని. అంత పొడుగు మనిషి నా ముందు తలవంచి కూర్చున్నాడు.

చాయ్ పట్టుకుని నిలబడ్డ ఖాదరన్నకు సంగతి చెప్పాను. ఆయన ముఖం చిట్లించాడు. "నీ పని నువ్వు సేసుకోని గమ్మునుండు సిస్టరమ్మా. డాక్టరే ఆడమన్యాడు గదా. కోచ్ మీ ముదీర్‌కు, అదే మీ మేనేజర్‌కు, ఒక్క ఫోన్ కొట్టినాడంటే నీ వీసా ఏమైతాది?" అన్నాడు.

"అతనికేమన్నా అయితే?" అన్నాను.

ఖాదరన్న గ్లాసులో మిగిలిన చాయ్ కింద పోసి, "సెప్పు అయితే. నేనుండా" అన్నాడు.

కోచ్ సెర్బియా నుంచి వచ్చిన పెద్దమనిషి. ముందు నవ్వాడు, తర్వాత డాక్టరు కాగితం తీసి చూపించాడు, చివరికి అరిచాడు. నువ్వు నర్సువి, నర్సులాగే ఉండు అన్నాడు. రేపే మీ ముదీర్‌కు ఫోన్ చేస్తానన్నాడు. జట్టంతా చూస్తోంది. అయినా నా నోరు ఆగలేదు. "ఇతను ఆడితే నేనీ పెట్టె ఇక్కడే దించేసి వెళ్లిపోతాను సార్. ఎందుకు దించానో రిజిస్టరులో రాసి వెళ్తాను. ఒక్క స్కాన్ తీయించండి. నేను చెప్పింది తప్పయితే ఉద్యోగం మీరు తీయనక్కర్లేదు, నేనే మానేస్తాను" అన్నాను. అంత మాట ఎలా అన్నానో ఇప్పటికీ తెలియదు. నెల నెలా నేను పంపే డబ్బుతో మా చెల్లి బి.ఎడ్. చదువుతున్న రోజులవి.

కోచ్ బస్సెక్కి ముందు సీట్లో కూర్చున్నాడు. మసాఫీ తర్వాత అరగంట దారి కొండల మధ్య మెలికలు తిరుగుతూ దిగుతుంది, మొత్తం ప్రయాణంలో అదే అందమైన భాగమంటారు. ఆ రోజు నేను దాన్ని చూడనే లేదు. నాలుగింటికి హాలు ముందు బస్సు ఆగింది. కోచ్ లేచి, ఒక్కొక్కర్నీ దింపి, సయీద్ లేవబోతే భుజం మీద చెయ్యి వేసి కూర్చోబెట్టాడు. "స్కాన్ తీయించుకుని రా. బాగుంటే రెండో సగంలో ఆడతావు" అని దిగిపోయాడు.

ఆసుపత్రికి పది నిమిషాల దారి. అంత పెద్ద బస్సులో మేము ముగ్గురమే. "తుమ్ మేరా మ్యాచ్ ఖాయా, సిస్టర్" అన్నాడు సయీద్, కిటికీలోంచి చూస్తూ. నా మ్యాచ్ నువ్వు తినేశావని.

ఎమర్జెన్సీలో ఉన్న మలయాళీ సిస్టర్ కాలు చూడగానే చక్రాల కుర్చీ తెప్పించింది. సెలవురోజు కావడంతో స్కాన్ చేసే మనిషిని ఇంటినుంచి పిలిపించారు. ఐదున్నరకు ఫలితం వచ్చింది. మోకాలి పైదాకా గడ్డ. డ్యూటీ డాక్టరు నన్ను పక్కకు పిలిచి, "ఇతన్ని ఎవరు నడవనిచ్చారు?" అని అడిగాడు. వెంటనే మంచం మీద పడుకోబెట్టి, రక్తం పలచబడే మందు ఎక్కించారు. కదలవద్దన్నారు. నేను చెప్పింది నిజమే అయింది. కానీ తెర సందులోంచి అతను పైకప్పు చూస్తూ పడుకున్న తీరు చూస్తే, తప్పయినా బాగుండేదేమో అనిపించింది.

వాళ్ల నాన్న ఆరింటికి వచ్చాడు. హాల్లో కొడుకు కనిపించక, ఎవరినో అడిగి తెలుసుకుని వచ్చాడు. పాదాల దాకా తెల్లటి కందూరా అంగీ, ఎండకు నల్లబడిన పొట్టి మనిషి. ఇంత పొడుగు కొడుకు ఈయనకెలా పుట్టాడా అనిపించేలా ఉన్నాడు. లోపలికెళ్లి కొడుకు నుదుటి మీద ముద్దు పెట్టి, బయటికి వచ్చి బెంచీ మీద నా పక్కన, ఒక మనిషి పట్టేంత దూరంలో కూర్చున్నాడు. ఆరూ ముప్పావుకు ఖాదరన్న ఫోను మోగింది. ఐదు పాయింట్లతో ఓడిపోయాం. సీజన్ అయిపోయింది. ఖాదరన్న తెర దగ్గరికి వెళ్లి ఆ మాట చెప్పి వచ్చాడు.

కాసేపటికి ముసలాయన అరబ్బీలో ఏదో అడిగాడు. ఖాదరన్న నా వైపు తిరిగాడు. "నువ్వు అన్ని ఆటలూ సూసినావంట గదా. వాళ్ల పిల్లోడు ఎట్లా ఆడతాడో సెప్పమంటాండాడు."

ముందు అతను బంతి ఎలా పట్టుకుంటాడో చెప్పాను. చెబితే చాలదనిపించి లేచి నిలబడ్డాను. పెట్టెలోని దూది చుట్ట తీసుకుని, ఎవరూ అడ్డుపడకుండా వేసే ఫ్రీ త్రోకు ముందు మోకాళ్లు ఎలా వంచుతాడో, బంతిని మూడుసార్లు నేలకు కొట్టి ఒక్క క్షణం కళ్లెలా మూసుకుంటాడో చేసి చూపించాను. మొదటి మ్యాచ్ ఓడి బస్సులో ఎవరూ మాట్లాడకపోతే, అతనే లేచి అందరికీ ఖర్జూరాలు పంచాడని చెప్పాను. జట్టులో కొత్తగా చేరిన కుర్రవాడు వరసగా తప్పులు చేస్తుంటే, కోచ్ తిట్టకుండా అడ్డు నిలబడి తిట్లన్నీ తనే తిన్న సంగతి చెప్పాను. ఖాదరన్న నా మాటకు రెండు మాటలు కలిపి అరబ్బీలోకి మారుస్తున్నాడు. ముసలాయన నవ్వకుండా, రెప్ప వేయకుండా వింటున్నాడు. మధ్యలో ఒక్కటే ప్రశ్న అడిగాడు. "ఎప్పుడన్నా కింద పడినాడా అంటాండాడు."

"చాలాసార్లు. ఎప్పుడూ తనే లేచాడు" అన్నాను.

తర్వాత జనవరిలో షార్జాలో జరిగిన మ్యాచ్ దగ్గరికి వచ్చాను. సగం ఆటకు పద్నాలుగు పాయింట్లు వెనకబడి ఉన్నాం. అందరూ ఆశ వదిలేశారు. చివరి నాలుగు నిమిషాల్లో బంతి సయీద్ చేతికొచ్చింది. "ఒక్కడే, వరసగా పది పాయింట్లు వేశాడు బాబాయ్ గారూ" అని వేళ్లన్నీ చాపి చూపించాను. "అషరా" అన్నాడు ఖాదరన్న, తనూ పది వేళ్లు చాపి.

తెర వెనకనుంచి గొంతు వినిపించింది. "దస్ నహీ, సిస్టర్. గ్యారా."

పది కాదు, పదకొండు. ముసలాయన తెర వైపు చూశాడు, నా చేతుల వైపు చూశాడు. అప్పుడు నవ్వాడు. ఒక్క వేలు పైకెత్తి నా పది వేళ్ల పక్కన పెట్టాడు. ఆ తర్వాత మిగతా సీజనంతా తెర వెనకనుంచి సయీదే చెప్పాడు, నేను నోరు మూసుకుని కూర్చున్నాను.

ఏడున్నరకు జట్టు రెండు ట్యాక్సీలు, ఒక పికప్పులో దిగింది. చెమట జెర్సీల మీదే వచ్చారు. ఇద్దరిద్దరే వెళ్లాలని మలయాళీ సిస్టర్ దారికి అడ్డంగా నిలబడింది. ఆమె తల వాళ్ల మోచేతుల దగ్గరికి వస్తోంది, అయినా ఒక్కరూ ఎదురు చెప్పలేదు. కోచ్ డాక్టరుతో మాట్లాడి నా దగ్గరికి వచ్చాడు. "మీ ముదీర్‌కు ఫోన్ చేస్తానన్నాను. ఇప్పుడే చేశాను" అన్నాడు. "వచ్చే సీజన్‌కు కూడా ఈ నర్సే కావాలని చెప్పాను" అన్నాడు. తిరుగు ప్రయాణంలో నేనెక్కేవరకూ బస్సు తలుపు తానే పట్టుకుని నిలబడ్డాడు.

సయీద్ తొమ్మిది రోజులు ఆసుపత్రిలో ఉన్నాడు. మళ్లీ పోటీలో ఆడలేదు. తర్వాత వాళ్ల ఊరి పిల్లలకు ఆట నేర్పుతున్నాడని, ముసలాయన రోజూ వచ్చి గట్టు మీద కూర్చుంటున్నాడని ఖాదరన్న చెప్పాడు. ఖాదరన్న 2008లో ప్రొద్దుటూరు వెళ్లిపోయాడు. ఆ జట్టుతో నేను మరో రెండు సీజన్లు తిరిగాను, ఒకసారి కప్పు కూడా గెలిచాం. ఆ ఫైనల్లో ఎన్ని పాయింట్లతో గెలిచామో అడిగితే చెప్పలేను. ఫుజైరాలో చూడని మ్యాచ్ మాత్రం అయిదు పాయింట్లతో పోయిందని నిద్రలో లేపి అడిగినా చెబుతాను. ఊళ్లు చూడటానికే ప్రయాణాలు చేస్తామనుకుంటాం. ఆ రోజు నేను సముద్రం చూడలేదు, ఊళ్లోని పాత కోట చూడలేదు, మ్యాచ్ చూడలేదు. ఆసుపత్రి బెంచీ మీద ఒక తండ్రి తన కొడుకు గురించి వింటుంటే చూశాను. ఫుజైరాలో నేను చూసినవాటిలో అంత బాగున్నది మరొకటి లేదు.

వెళ్లబోయేవారికి ఒక్క మాట. కారులోనో బస్సులోనో రెండు గంటలు కదలకుండా కూర్చోకండి. మధ్యలో ఎక్కడైనా దిగి పది నిమిషాలు నడవండి. ఈమధ్య కాలికి దెబ్బ తగిలి కట్టు కట్టించుకున్నవారు ఉంటే, ఒక పిక్క మాత్రమే వాచి వేడిగా ఉందేమో తడిమి చూసుకోండి. ఉంటే ఇంటికెళ్లాక చూపిద్దామనుకోవద్దు, దారిలో మొదట కనిపించిన ఆసుపత్రి దగ్గరే బండి ఆపండి.